మన చర్మానికి రాత్రిపూట రెటినాల్‌ను అలవాటు చేసే పద్ధతి

ముడతలకు, మొటిమలకు ముఖానికి రాసుకునే రెటినాల్ మొదలుపెట్టిన పదో రోజుకల్లా ముఖం కందిపోయి, ముక్కు పక్కల పొట్టు రాలి, నెల తిరిగేసరికి కందిన చోటల్లా గోధుమరంగు మచ్చ మిగిలిపోయిందని బాధపడినవాళ్లను నేను దగ్గరగా చూశాను. మా పెదనాన్నగారి అమ్మాయి వాళ్లలో ఒకరు. పెళ్లికి రెండు నెలల ముందు ఒక శాతం రెటినాల్ సీరమ్ కొని, మొదటి రోజు నుంచే ప్రతి రాత్రీ ముఖమంతా రాసుకుంది. మంట పుడుతుంటే మందు పనిచేస్తోందనుకుని ఇంకో పూత వేసింది. ఆ మచ్చలు పూర్తిగా తగ్గడానికి పెళ్లయ్యాక కూడా ఏడాదికి పైగా పట్టింది.

చర్మం మీద మంట గానీ, వాపు గానీ పుడితే రంగునిచ్చే కణాలు రెచ్చిపోయి మెలనిన్‌ను ఎక్కువగా వదులుతాయి. తెల్లచర్మం వారికి కందిన చోటు ఎర్రబడి కొన్నాళ్లకు మామూలైపోతుంది. మనకు మాత్రం ఎరుపు పోయాక నలుపు మిగులుతుంది. చర్మవైద్యులు 1975 నుంచి వాడుతున్న ఫిట్జ్‌పాట్రిక్ వర్గీకరణలో చర్మం ఆరు రకాలు, తెలుగువాళ్లలో చాలామంది నాలుగు, ఐదు రకాల్లోకి వస్తారు. అందువల్ల తెల్లచర్మం వారికోసం రాసిన వేగాన్ని మనం అలాగే పాటించడం మంచిది కాదు. ఇక్కడ చెప్పే ప్రతి మెట్టుకూ నేను పెట్టుకున్న కొలత ఒకటే: మంట పుట్టకుండా ముందుకు వెళ్లడం.

రెటినాల్ ఏమి చేస్తుంది

రెటినాల్ అంటే విటమిన్ ఎ. ఇది లోపిస్తే రేచీకటి వస్తుందని మన పెద్దవాళ్లకు తెలుసు. ఆ పేరు కూడా కంటిలోని రెటీనా నుంచి వచ్చిందే. పసిపిల్లల కంటిచూపు కాపాడటానికి ఆరు నెలలకోసారి విటమిన్ ఎ ద్రావణం తాగించే జాతీయ కార్యక్రమం 1970లో మొదలైంది, దానికి ఆధారమైన పరిశోధనలో హైదరాబాదులోని జాతీయ పోషకాహార సంస్థది ముఖ్యపాత్ర. అదే పదార్థాన్ని చర్మం మీద రాసినప్పుడు చర్మకణాలు దాన్ని మొదట రెటినాల్డిహైడ్‌గా, ఆ తరువాత రెటినోయిక్ ఆమ్లంగా మార్చుకుంటాయి. పని చేసేది ఆ చివరి రూపమే. అది కణకేంద్రకంలోని గ్రాహకాలకు అతుక్కుని, పైపొర కణాలు సక్రమంగా తయారై సక్రమంగా రాలిపోయేలా చేస్తుంది, రంధ్రాలు మూసుకుపోకుండా చూస్తుంది, లోపలి పొరలో చర్మాన్ని బిగువుగా ఉంచే కొల్లాజెన్ తయారీని పెంచుతుంది.

రెటినోయిక్ ఆమ్లానికే మందుల దుకాణంలో ట్రెటినాయిన్ అని పేరు. పెన్సిల్వేనియా విశ్వవిద్యాలయంలో ఆల్బర్ట్ క్లిగ్‌మన్ బృందం మొటిమల మీద దాని ప్రభావాన్ని 1969లో ప్రచురించింది. 1971లో అమెరికాలో దానికి మందుగా అనుమతి లభించింది. ఎండకు ముడతలు పడిన చర్మం మీద కూడా అది పనిచేస్తుందని 1986లో అదే బృందం చూపింది. రెటినాల్ దానికంటే బలం తక్కువది, ఎందుకంటే రెండు మెట్లు మారితే గానీ పని మొదలుకాదు. అయినా పనిచేస్తుంది: 2007లో మిషిగన్ విశ్వవిద్యాలయం వారు సగటున 87 ఏళ్ల వయసున్న 36 మందికి 0.4 శాతం రెటినాల్ లోషన్‌ను 24 వారాల పాటు రాయగా సన్నముడతలు స్పష్టంగా తగ్గాయి. ఆ అధ్యయనంలో నాకు నచ్చే అంశం ఆ 24 వారాలే. నెల రోజుల్లో పెళ్లి ఉందని రెటినాల్ మొదలుపెట్టేవారికి ఆ అంకె ఒక్కటే సరైన జవాబు.

ఎవరు మొదలుపెట్టకూడదు

గర్భిణులు, గర్భం కోసం ప్రయత్నిస్తున్నవారు రెటినాల్ జోలికి వెళ్లకూడదు. నోటి ద్వారా తీసుకునే ఐసోట్రెటినాయిన్ బిళ్లలు గర్భస్థ శిశువుకు తీవ్రమైన హాని చేస్తాయని రుజువైంది. పైపూతగా రాసేది రక్తంలోకి చేరేది చాలా తక్కువే అయినా, అందం కోసం అంత చిన్న ప్రమాదాన్నైనా ఎత్తుకోవలసిన అవసరం లేదని వైద్యుల అభిప్రాయం, నా అభిప్రాయం కూడా అదే. పాలిచ్చే తల్లులు తమ డాక్టరును అడిగి నిర్ణయించుకోవాలి. ముఖం మీద తామర, గజ్జి, విడవని దురద, పుండ్లు ఉన్నవారు ముందు వాటికి చికిత్స చేయించుకోవాలి. ఐసోట్రెటినాయిన్ బిళ్లలు వేసుకుంటున్నవారు ఆ కోర్సు పూర్తయ్యేదాకా ఆగాలి.

ఇక చివరి వర్గం గురించి కొంచెం ఎక్కువగా చెప్పాలి, ఎందుకంటే మన ఊళ్లలో ఈ కష్టం పడుతున్నవారు చాలామంది ఉన్నారు, వారిలో చాలామందికి ఆ సంగతి తెలియదు. మంగుకో, నలుపు తగ్గడానికో అని మందుల దుకాణంలో చీటీ లేకుండా అడిగి తెచ్చుకునే కొన్ని ట్యూబుల్లో మూడు మందులు కలిసి ఉంటాయి: హైడ్రోక్వినోన్, ట్రెటినాయిన్, మొమెటసోన్ వంటి ఒక స్టెరాయిడ్. మొదటి రెండు వారాలు ముఖం మెరిసిపోతుంది. దాంతో నెలల తరబడి, కొందరు ఏళ్ల తరబడి రాస్తారు. స్టెరాయిడ్ వల్ల చర్మం పలుచనై, సన్నని రక్తనాళాలు పైకి కనబడి, ఎండలోకి వెళ్తే చాలు ముఖం భగ్గుమంటుంది. కొందరు ఆడవారికి నూగు కూడా పెరుగుతుంది. మానేస్తే కొద్ది రోజుల్లో ముఖం ఎర్రగా పొంగి మొటిమలు లేస్తాయి కాబట్టి భయపడి మళ్లీ అదే రాస్తారు. దీని మీద భారత చర్మవైద్యుల సంఘం ఏళ్ల తరబడి పోరాడింది, 2018లో కేంద్రప్రభుత్వం ఇలాంటి స్టెరాయిడ్ పూతమందులను డాక్టరు చీటీ ఉంటేనే అమ్మాలన్న జాబితాలో చేర్చింది. మీరు వాడుతున్న క్రీము పేరులో ఏముందన్నది వదిలేసి, అట్టపెట్టె మీద చిన్న అక్షరాల్లో ఉన్న మందుల పేర్లు చదవండి. వాటిలో మొమెటసోన్, బీటామెథసోన్, క్లొబెటసాల్, ఫ్లూయోసినోలోన్ వంటిదేదైనా ఉంటే రెటినాల్ ఆలోచన పక్కన పెట్టి చర్మవైద్యుని దగ్గరకు వెళ్లండి. వాటిని ఎలా మానాలో వారే చెప్పాలి.

ఏది కొనాలి

మొదటి సీసా 0.1 నుంచి 0.3 శాతం మధ్య ఉంటే చాలు. ఐరోపా సమాఖ్య ముఖానికి వాడే ఉత్పత్తుల్లో రెటినాల్‌ను 0.3 శాతానికి పరిమితం చేస్తూ 2024లో నిబంధన తెచ్చింది. ఆహారంతో కలిపి శరీరంలో చేరే మొత్తం విటమిన్ ఎ ఎక్కువవుతుందేమోనన్నది దాని వెనుక ఉన్న ఆందోళన. మనకు ఇక్కడ ఒక శాతం సీసాలు కూడా సులువుగా దొరుకుతాయి. అవి అనుభవం ఉన్న చర్మాలకు.

అట్ట మీద శాతం చదివేటప్పుడు ఆ శాతం దేనిదో కూడా చూడాలి. రెటినిల్ పామిటేట్ అని ఉంటే అది ఇంకొక మెట్టు వెనక ఉన్న మృదువైన రూపం, ఫలితం కూడా అంతే మృదువు. రెటినాల్డిహైడ్ రెటినాల్ కంటే ఒక మెట్టు ముందుంటుంది కాబట్టి బలం కొంచెం ఎక్కువ. హైడ్రాక్సీపినకోలోన్ రెటినోయేట్ అన్నది మరొక రూపం, మంట తక్కువని పేరు. దాని విషయంలో మాత్రం, 2 శాతం అని రాసినచోట అది పదార్థం కలిపిన ద్రావణం శాతమే కావచ్చు, అసలు పదార్థం అందులో పదో వంతే ఉండవచ్చు. అడపలీన్, ట్రెటినాయిన్ అని ఉంటే అవి మందులు. మన దేశంలో డాక్టరు చీటీ మీదే వాడాలి. 0.1 శాతం అడపలీన్‌ను అమెరికాలో 2016 నుంచి చీటీ లేకుండా అమ్ముతున్నారు కాబట్టి, అక్కడి నుంచి వచ్చే బంధువులు చాక్లెట్లతో పాటు ఆ ట్యూబులు కూడా తెచ్చి పంచిపెడుతున్నారు. అది రెటినాల్ కాదన్న సంగతి తెలుసుకుని తీసుకోండి.

గాలి, వెలుతురు, వేడి ఈ మూడూ రెటినాల్‌ను పాడుచేస్తాయి. గాలి చొరబడని పంపు సీసా గానీ, అల్యూమినియం ట్యూబు గానీ మేలు. వెడల్పు మూత డబ్బాలో ఉన్నది, పారదర్శకమైన గాజు సీసాలో ఉన్నది కొనకండి. రామగుండంలోనో, విజయవాడలోనో మే నెలలో గదిలోనే వేడి ఎంత ఉంటుందో తెలిసినదే కనుక, ఆ రోజుల్లో సీసాను ఫ్రిజ్ తలుపులో పెట్టుకోవడం తప్పు కాదు. లేతపసుపు రంగు ముదిరి గోధుమరంగుకు తిరిగితే దాని పని అయిపోయినట్టే.

ముందు రెండు వారాల సన్నాహం

రెటినాల్ సీసా మూత తీయకముందే రెండు వారాలు చర్మాన్ని సిద్ధం చేయాలి. చాలామంది వదిలేసే మెట్టు ఇదే. ఈ రెండు వారాల్లో నలుగు, సున్నిపిండితో ముఖం రుద్దడం, స్క్రబ్బులు, నిమ్మరసం, టమాటా రసం, గ్లైకోలిక్ ఆమ్లం, సాలిసిలిక్ ఆమ్లం ఉన్న సీరమ్‌లు అన్నీ ఆపేయాలి. పండుగనాడు ఒంటికి నలుగు పెట్టుకోవడానికి నాకు అభ్యంతరం లేదు, ముఖాన్ని మాత్రం వదిలేయండి. మిగిలేవి మూడే: నురగ తక్కువగా వచ్చే మృదువైన ఫేస్‌వాష్, వాసన లేని మాయిశ్చరైజర్, పగలు సన్‌స్క్రీన్. మాయిశ్చరైజర్‌లో సెరమైడ్లు (చర్మంలో సహజంగా ఉండే కొవ్వులు), గ్లిజరిన్ ఉంటే మంచిది. ముఖం కడిగాక చర్మం బిగుసుకున్నట్టు అనిపించడం పూర్తిగా పోయిందంటే తయారైనట్టు.

సన్‌స్క్రీన్ అలవాటు కానివారు రెటినాల్ మొదలుపెట్టనే కూడదు. రెండు వారాల్లో కనీసం పది రోజులైనా మరిచిపోకుండా రాయలేకపోయినవారు ముందు ఆ అలవాటు చేసుకోండి, రెటినాల్ ఎక్కడికీ పోదు.

సన్నాహం చివరి మూడు రోజుల్లో, చెవి కింద దవడ పక్కన చిన్న గోరంత చోట రాత్రిపూట కొద్దిగా రాసి చూడాలి. మూడు రాత్రులు గడిచినా దురద, దద్దుర్లు రాకపోతే మొదలుపెట్టవచ్చు.

కాలం సంగతి కూడా చూసుకోవాలి. మన ప్రాంతంలో వానలు తగ్గి ఎండ మెత్తబడే ఆశ్వయుజ, కార్తీక మాసాలు మొదలుపెట్టడానికి అనువైనవి. ఏప్రిల్, మే నెలల్లో చెమట, ఎండ, దుమ్ము కలిసి చర్మాన్ని ముందే విసిగించి ఉంచుతాయి. షికాగో, న్యూజెర్సీ వంటి చలి ఊళ్లలో ఉండేవారికి లెక్క తిరగబడుతుంది. అక్కడ చలికాలంలో హీటరు గాలికి చర్మం ముందే పగిలి ఉంటుంది కాబట్టి వసంతం దాకా ఆగడం మేలు.

మొదటి రాత్రి

ముఖం గోరువెచ్చని నీటితో కడిగి, మెత్తని తువ్వాలుతో రుద్దకుండా అద్దుకోండి. తరువాత పదిహేను, ఇరవై నిమిషాలు ఆగండి. తడిచర్మంలోకి రెటినాల్ త్వరగా దిగి మంట పెంచుతుంది కాబట్టి ఈ ఆగడం అవసరం. ఈలోగా కంటి చుట్టూ, ముక్కుపుటాల మూలల్లో, పెదవుల చివర్లలో కొద్దిగా పెట్రోలియం జెల్లీ రాయండి. పొట్టు మొదట లేచేది ఆ చోట్లలోనే.

చర్మం ఆరాక పలుచగా మాయిశ్చరైజర్ రాసి, అది ఇంకేదాకా ఐదు నిమిషాలు ఆగండి. ఇప్పుడు ఒక బఠానీ గింజంత రెటినాల్ వేలి మీద తీసుకుని నుదుట, రెండు బుగ్గల మీద, గడ్డం మీద చుక్కలుగా పెట్టి, అక్కడి నుంచి బయటికి పలుచగా పరచండి. మొటిమ మీద మాత్రమే, ముడత మీద మాత్రమే పెట్టడం సరికాదు. చర్మమంతటికీ సమానంగా అందాలి. సరిపోలేదనిపించినా రెండో బఠానీ తీయవద్దు. మళ్లీ ఐదు నిమిషాలకు పైన ఇంకో పూత మాయిశ్చరైజర్ రాయండి. ఇలా రెండు పూతల మధ్య రెటినాల్‌ను ఇరికించడం వల్ల దాని బలం కాస్త తగ్గుతుంది, మొదటి నెలల్లో మనకు కావలసింది కూడా అదే. మెడ చర్మం ఇంకా పలుచన, దాన్ని మూడో నెల దాకా వదిలేయండి.

చర్మం మరీ సున్నితంగా ఉన్నవారు మొదటి నాలుగైదు సార్లు అరగంట ఉంచి కడిగేసి, మాయిశ్చరైజర్ రాసుకుని పడుకోవచ్చు. ఇది కూడా సరైన పద్ధతే.

వారాల లెక్క

మొదటి నాలుగు వారాలు వారానికి రెండే రాత్రులు, వాటి మధ్య కనీసం రెండు రాత్రుల ఎడం. సోమవారం, గురువారం అని క్యాలెండరులో గుర్తు పెట్టుకుంటే గందరగోళం ఉండదు. మిగతా రాత్రులు ఉత్త మాయిశ్చరైజర్. ఐదో వారం నుంచి ఎనిమిదో వారం దాకా మూడు రాత్రులు. తొమ్మిదో వారం నుంచి రాత్రి విడిచి రాత్రి. మూడు నెలలు దాటాక ఏ ఫిర్యాదూ లేకపోతే రోజూ రాయవచ్చు, కానీ రోజూ రాయాలన్న నియమం ఏమీ లేదు. రాత్రి విడిచి రాత్రి దగ్గరే ఆగిపోయి ఏళ్ల తరబడి హాయిగా వాడుకుంటున్నవారు ఉన్నారు. నేనూ అలాగే వాడుతున్నాను.

ఒక మెట్టు మీద చర్మం బిగుసుకుపోవడం, చురుక్కుమనడం కనిపిస్తే తరువాతి మెట్టు ఎక్కకుండా అక్కడే ఇంకో రెండు వారాలు ఉండండి. క్యాలెండరు కంటే మీ చర్మం మాటకే విలువ ఎక్కువ.

మంట పుడితే

కొద్దిపాటి పొడిదనం, ముక్కు పక్కన సన్నని పొట్టు మొదటి రెండు నుంచి ఆరు వారాల్లో సహజమే. పొట్టును గోటితో గిల్లకండి, రుద్దకండి. మాయిశ్చరైజర్ ఎక్కువగా రాయండి. నీళ్లు తగిలినా చురుక్కుమంటున్నా, మామూలు మాయిశ్చరైజరే మండుతున్నా చర్మపు కవచం దెబ్బతిన్నదని అర్థం. వెంటనే రెటినాల్ ఆపేసి, ఫేస్‌వాష్ కూడా రాత్రికి ఒక్కసారికి తగ్గించి, పూర్తిగా తగ్గాక ఇంకో వారం ఆగి, వారానికి ఒక రాత్రితో మళ్లీ మొదలుపెట్టండి. వాపు, నీరు కారడం, కంటిరెప్పలు ఉబ్బడం ఉంటే అది అలర్జీ కావచ్చు, డాక్టరుకు చూపించాలి.

మొటిమలున్నవారికి మొదటి నెల, నెలన్నరలో లోపల తయారవుతున్నవి ఒక్కసారిగా పైకి రావచ్చు. ఇవి మీకు ఎప్పుడూ వచ్చే చోట్లలోనే వచ్చి, త్వరగా తగ్గిపోతాయి. ఎన్నడూ మొటిమ రాని చోట, చిన్నచిన్న ఎర్రని గుల్లలుగా, దురదతో వస్తే అది చర్మం తట్టుకోలేకపోవడం. ఈ రెండింటికీ తేడా తెలియక మంటను భరించి ముందుకు వెళ్లినవారికే మచ్చలు మిగులుతాయి.

పగటి జాగ్రత్త, కలపకూడనివి

రెటినాల్ వెలుతురుకు పాడవుతుంది, చర్మానికి ఎండ తాకిడిని పెంచుతుంది, అందుకే అది రాత్రి పని. ఉదయం ఎస్‌పీఎఫ్ 30 లేదా అంతకన్నా ఎక్కువ ఉన్న సన్‌స్క్రీన్‌ను చూపుడువేలు, మధ్యవేలు పొడవునా రెండు గీతలు తీసుకుంటే ముఖానికీ మెడకూ సరిపోతుంది. బయట తిరిగేవారు, ద్విచక్రవాహనం మీద వెళ్లేవారు రెండు గంటలకోసారి మళ్లీ రాయాలి. మంగు ఉన్నవారికి మామూలు వెలుతురు కూడా నలుపును పెంచుతుంది కాబట్టి ఐరన్ ఆక్సైడ్ కలిసిన, లేతగా రంగున్న సన్‌స్క్రీన్ మేలు.

రెటినాల్ రాసే రాత్రి ఆమ్లాల సీరమ్‌లు, బెంజాయిల్ పెరాక్సైడ్ అనే మొటిమల మందు రాయకూడదు. విటమిన్ సి ఉదయానికి మార్చుకోండి. విటమిన్ బి3 రూపమైన నియాసినమైడ్ కలిపి వాడవచ్చు, మంట కూడా కొంత తగ్గుతుంది. పై పెదవికి వ్యాక్సింగ్ చేయించుకునేవారు దానికి ముందు కనీసం వారం రోజులు రెటినాల్ ఆపాలి, లేకపోతే వెంట్రుకలతో పాటు పైపొర కూడా ఊడివచ్చి అక్కడ నల్లని చార మిగులుతుంది. థ్రెడింగ్‌కు, బ్యూటీపార్లరులో ఫేషియల్‌కు కూడా అంతే ఎడం పాటించండి, పార్లరులో వారికి మీరు రెటినాల్ వాడుతున్నట్టు ముందే చెప్పండి. గడ్డం గీసుకునేవారు ఉదయం గీసుకుని రాత్రి రాసుకుంటే ఇబ్బంది ఉండదు.

రెటినాల్ పడనివారికి బకూచియోల్ అనే మరొక దారి ఉంది. ఇది మన బావంచాల గింజల నుంచి తీసే పదార్థం. 2019లో వెలువడిన ఒక అధ్యయనంలో 44 మందిని 12 వారాలు పరిశీలించగా, రోజుకు రెండుసార్లు రాసిన 0.5 శాతం బకూచియోల్ ముడతలు, నలుపు తగ్గించడంలో అంతే శాతం రెటినాల్‌కు దీటుగా నిలిచింది, మంట, పొట్టు మాత్రం తక్కువ. అయితే దీన్ని చదివి పచారీ కొట్టులో బావంచాలు కొని నూరి ముఖానికి పట్టించవద్దని చేతులు జోడించి వేడుకుంటున్నాను. ఆ గింజల్లో సొరాలెన్ అనే మరో పదార్థం ఉంటుంది. బొల్లి వైద్యంలో చర్మాన్ని ఎండకు నల్లబరచడానికి వాడేది దాన్నే. అది రాసుకుని ఎండలోకి వెళ్తే బొబ్బలెక్కుతాయి. శుద్ధి చేసిన సీరమ్‌లో ఉండేది వేరు, గింజలో ఉండేది వేరు.

ఎప్పుడు పెంచాలి

చర్మం నునుపెక్కడం రెండో నెలలో తెలుస్తుంది. మొటిమలు, రంగు తేడాలు తగ్గడానికి మూడు నెలలు, సన్నముడతలకు ఆరు నెలలు ఆగాలి. మొదటి రోజున కిటికీ దగ్గర పగటి వెలుతురులో ఒక ఫొటో తీసుకుని, నెలకోసారి అదే చోట, అదే వేళకు మళ్లీ తీయండి. రోజూ అద్దంలో వెతికితే మార్పు కనిపించదు.

మొదటి సీసాను రాత్రి విడిచి రాత్రి మూడు నెలలు ఇబ్బంది లేకుండా వాడినవారు మాత్రమే 0.3 నుంచి 0.5 శాతానికి వెళ్లే ఆలోచన చేయాలి. కొత్త సీసా తెచ్చాక వారానికి రెండు రాత్రుల లెక్కకు తిరిగి వెళ్లాలి. ఒక శాతం అవసరం చాలామందికి రానే రాదు. ఆరు నెలలు సక్రమంగా వాడినా మొటిమలు, మంగు కదలకపోతే శాతం పెంచుతూ పోకుండా చర్మవైద్యుని సలహా తీసుకోండి. ప్రయాణాల వల్లో, జ్వరం వల్లో మూడు వారాలకు మించి విరామం వస్తే, ఆగినచోట నుంచి కాకుండా మళ్లీ సోమవారం, గురువారంతోనే మొదలుపెట్టండి.